కొబ్బరి తినొచ్చా డాక్టరుగారూ?



ఛాతీలో మంట. పుల్లటి తేన్పులు. పడుకుంటే గొంతులోకి ఏదో ఎగదన్నినట్టు ఉండటం. ఈ బాధలతో ఎండోస్కోపీ చేయించుకున్నవాళ్ల రిపోర్టులో తరచుగా ఒక మాట కనబడుతుంది. హయాటస్ హెర్నియా. ఆ మాట చదవగానే మనిషికి గాభరా. హెర్నియా అన్నారంటే ఆపరేషనే కదా అని. కంగారు పడకండి. ఇది గజ్జల్లో వచ్చే హెర్నియా కాదు. కడుపుకీ ఛాతీకీ మధ్య వచ్చేది. 50 ఏళ్లు దాటినవాళ్లలో ఇది చాలా మామూలు. ఉన్నట్టు కూడా తెలియకుండా బతికేసేవాళ్లే ఎక్కువ.

గాభరా తగ్గాక ఇంకో ప్రశ్న వస్తుంది. ఏం తినాలి, ఏం మానాలి? కారం, వేపుళ్లు, కాఫీ మానమని నేను చెప్పక్కర్లేదు. మీ పక్కింటివాళ్లే చెప్పేసి ఉంటారు. వాటి బదులు పళ్లు తినమని కూడా చెప్పే ఉంటారు. ఆ పళ్ల దగ్గరే చిన్న చిక్కుంది. ఈవేళ నేను మాట్లాడేది ఆ చిక్కు గురించే. పళ్లన్నీ ఒకటి కాదు. కొన్ని పళ్లలో కొవ్వుంటుంది. కొద్దో గొప్పో కాదు, బాగా ఉంటుంది. అలాంటి పళ్లలో మొదటిది ఎక్కడో లేదు, మన పెరట్లోనే ఉంది. కొబ్బరి.

కొబ్బరిని పండంటారేమిటి అనుకుంటున్నారా? వృక్షశాస్త్రం లెక్కలో కొబ్బరి కూడా మామిడిలాగే టెంక ఉన్న పండే. మనం తినేది ఆ టెంకలోపలి గింజని. సరే, ఆ సంగతి వదిలేద్దాం. మన కథకి కావలసింది దాన్లోని నూనె.

నూనె సంగతికి ముందు, అసలు లోపల ఏం జరుగుతోందో చూద్దాం. మన గోదావరి డెల్టాలో పుట్టినవాళ్లకి లాకులు కొత్త కాదు. కాలవ మీద లాకు తలుపు తెరిస్తే పడవ దిగుతుంది. మూస్తే నీళ్లు ఎక్కడివక్కడ ఆగుతాయి. మన అన్నవాహిక చివర, సరిగ్గా కడుపు మొదట్లో, అలాంటి తలుపే ఒకటుంది. అది ఒక కండరం. ముద్ద మింగినప్పుడు తెరుచుకుంటుంది. ముద్ద దిగాక మూసుకుంటుంది. లాకు తలుపు గట్టిగా నిలబడాలంటే పక్కన గోడ ఉండాలి కదా. ఇక్కడ ఆ గోడ డయాఫ్రం. బడి పుస్తకాల్లో ఉదరవితానం అని చదువుకున్నాం, అదే. ఛాతీని, పొట్టని వేరుచేసే కండరపు పొర. దాని మధ్యలో ఒక కంత. ఆ కంతలోంచే అన్నవాహిక కిందికి దిగి కడుపుతో కలుస్తుంది.

వయసు మీద పడి, లేదా బరువు పెరిగి, లేదా ఏళ్ల తరబడి మూటలు ఎత్తి, ఆ కంత వదులవుతుంది. అప్పుడు కడుపు పైభాగం కాస్త ఆ కంతలోంచి ఛాతీలోకి జారుతుంది. అదే హయాటస్ హెర్నియా. నూటికి 90 మందికి పైగా ఈ జారే రకమే. జారాక ఏమైంది? తలుపు ఒకచోట, గోడ ఒకచోట అయిపోయాయి. తలుపు బిగువు పోయింది. కిందనున్న ఆమ్లం పైకి తంతోంది. ఆమ్లాన్ని తట్టుకునే పొర కడుపుకి ఉంది. అన్నవాహికకి లేదు. అందుకే మంట.

ఇప్పుడు కొవ్వు సంగతికి వద్దాం. మనం తిన్న కొవ్వు చిన్నపేగులోకి చేరగానే, పేగు గోడలోంచి ఒక హార్మోను బయల్దేరుతుంది. దాని పేరు కోలిసిస్టోకైనిన్. పేరు గుర్తుపెట్టుకోకపోయినా ఫరవాలేదు. అది చేసే పనులు గుర్తుపెట్టుకోండి. ఒకటి, కడుపుని నెమ్మదిగా ఖాళీ అయ్యేట్టు చేస్తుంది. రెండు, పైనున్న ఆ తలుపు కండరాన్ని వదులు చేస్తుంది.

మళ్లీ చెబుతాను. కొవ్వు ఎక్కువైతే తిన్నది కడుపులో ఎక్కువసేపు ఉంటుంది. తలుపేమో వదులవుతుంది. మామూలు మనిషికి దీనితో పెద్ద ఇబ్బంది లేదు. తలుపు ముందే చోటు తప్పినవాళ్లకి ఇబ్బంది.

అందుకని కొబ్బరి మానెయ్యాలా? అక్కర్లేదు. కోనసీమలో పుట్టినవాడికి కొబ్బరి మానమని చెప్పే ధైర్యం నాకు లేదు. చెప్పినా వినరు. మానక్కర్లేదు గానీ, మూడు సంగతులు చూసుకోవాలి. ఎంత తింటున్నాం. ఎప్పుడు తింటున్నాం. ఏ రూపంలో తింటున్నాం.

ముందు ఏ రూపంలో అన్నది చూద్దాం. ఒకే చెట్టు కాయ వయసుని బట్టి మారిపోతుంది. లేత బొండం తీసుకోండి. నీళ్లలో కొవ్వు దాదాపు లేదు. లోపల చెంచాతో గీస్తే వచ్చే మీగడలాంటి లేత కొబ్బరిలోనూ నూనె తక్కువే. అదే కాయ చెట్టు మీద ముదిరితే? పచ్చి కొబ్బరిలో ఇంచుమించు మూడో వంతు కొవ్వు. అంటే 100 గ్రాముల పచ్చి కొబ్బరి తింటే 30 గ్రాముల పైచిలుకు కొవ్వు తిన్నట్టు. అదే కాయని అటక మీద నెలల తరబడి ఎండనిచ్చి కురిడీ చేస్తే? నీరంతా పోతుంది. అప్పుడు మూడింట రెండు వంతులు నూనే. అంబాజీపేటలో గానుగ దగ్గర నిలబడి చూసినవాళ్లకి ఈ సంగతి నేను చెప్పక్కర్లేదు.

కాబట్టి కాయ ఎంత ముదిరితే అంత నూనె. ఎంత ఎండితే అంత నూనె. బొండం వేరు. పచ్చి కొబ్బరి వేరు. కురిడీ వేరు. ఛాతీ మంట ఉన్నవాళ్లకి ఈ మూడూ ఒకటి కావు.

బొండం నీళ్ల గురించి ఒక్క మాట. మంటగా ఉన్నప్పుడు బొండం తాగితే చల్లగా ఉందంటారు చాలామంది. తాగండి. కానీ పెద్ద బొండం గటగటా ఒక్క గుక్కలో తాగేస్తే కడుపు ఉబ్బుతుంది. ఉబ్బిన కడుపు తలుపుని తోస్తుంది. కొంచెం కొంచెంగా తాగండి. రాత్రి పడుకోబోయే ముందు వద్దు. కిడ్నీ జబ్బు ఉన్నవాళ్లు మాత్రం డాక్టరుని అడగకుండా బొండాల జోలికి పోవద్దు. వాటిలో పొటాషియం ఎక్కువ.

ఇక ఎంత తింటున్నాం అన్న ప్రశ్న. ఇక్కడే మనకి లెక్క తప్పుతుంది. కోనసీమ నుంచి వచ్చిన ఒక పెద్దాయన్ని నూనె ఏమాత్రం వాడుతున్నారని అడిగాను. ఆయన జవాబు వినండి. "అబ్బే, నేను నూనె ముట్టనండి. వేపుళ్లు మానేసి చాన్నాళ్లయిందండి. పొద్దున్న ఇడ్లీలోకి కాస్త కొబ్బరి చట్నీ అండి. మధ్యాన్నం కూరలో కాస్త కొబ్బరి కోరు అండి. సాయంత్రం ఆకలేస్తే ఓ కొబ్బరి ముక్క, ఓ బెల్లం ముక్క. అంతేనండి." కొబ్బరిలో కొవ్వుంటుంది కదండీ అంటే, "పండే కదండీ, పండు తింటే తప్పేంటండీ" అన్నారు. ఆయ్, తప్పేమీ లేదు. కానీ ఆయన ప్రతి పూటా వేసుకున్న ఆ కాస్తలన్నీ కలిపితే రోజుకి అరచెక్క అవుతోంది. నూనె సీసా పక్కన పెట్టేసి, అదే నూనెని నమిలి తింటున్నారన్నమాట.

అంతేకాదు. ఆయన టిఫిను అవగానే కొట్టాంలోకి వెళ్లి గునపం ముందు వంగి కొబ్బరికాయలు ఒలిచేవారు. కాయని రెండు చేతులా పట్టుకుని, నడుం వంచి, పొట్ట బిగపట్టి, గునపం మొన మీదికి అదిమి తిప్పాలి. ఒలుపు చేసినవాళ్లకి ఆ బిగువు తెలుసు. నిండు కడుపుతో అలా వంగితే లోపలున్నది పైకి రాక ఎక్కడికి పోతుంది? ఆయనకి నేను కొబ్బరి మానమని చెప్పలేదు. ఒలుపు టిఫినుకి ముందు చెయ్యండి, కొబ్బరి మధ్యాహ్నం ఒక్క పూటే తినండి అన్నాను. ఆడవాళ్లకి కూడా ఇదే మాట. ధనుర్మాసంలో కాఫీ, టిఫినూ కానిచ్చి వంగి ముగ్గు వేస్తే మంట రాక మానదు. ముగ్గయ్యాకే టిఫిను.

ఇక మూడోది, ఎప్పుడు తింటున్నాం. ఈ మూడింట్లో నన్నడిగితే ఇదే పెద్దది. కార్తీక సోమవారం సంగతే తీసుకోండి. తెల్లవారుజామున గోదావరిలో స్నానం. కోటిలింగాల రేవులోనో పుష్కరాల రేవులోనో దీపం. పగలంతా ఉపవాసం. సాయంత్రం చుక్క కనబడ్డాక భోజనం. పగలంతా ఖాళీగా ఉన్న కడుపులోకి ఒక్కసారిగా పులిహోర, గారెలు, పరమాన్నం, గుడిలో ఇచ్చిన కొబ్బరి చెక్క, ఇంట్లో చేసిన కొబ్బరి లౌజు. తెల్లవారుజామున లేచిన మనిషి కదా, తిన్న వెంటనే నడుం వాలుస్తాడు. అర్ధరాత్రి లేచి కూచుంటాడు. మంట, దగ్గు, నోట్లో పులుపు. తెల్లారాక ఆ తప్పంతా కొబ్బరి మీదికి తోస్తాడు. కొబ్బరి పాత్ర కొంత ఉంది, కాదనను. ఎక్కువ పాత్ర మాత్రం ఆ వేళదీ, ఆ మోతాదుదీ, ఆ పడకదీ.

ఉపవాసం మానమని నేను అనను. చుక్క చూశాక ముందు ఒక అరటిపండు తినండి. కాసేపాగి సగం భోజనం చెయ్యండి. కొబ్బరి చెక్క మర్నాడు మధ్యాహ్నానికి దాచుకోండి. తిన్న తరవాత మూడు గంటలు నడుం వాల్చకండి. ఇది కార్తీకానికే కాదు, ఏడాది పొడుగునా. తిన్న తరవాత మూడు గంటలు.

పులస కాలంలోనూ ఇదే తంతు. వరద నీళ్లతో పాటు పులస వస్తుంది, దానితో పాటు మా దగ్గరికి ఛాతీ మంట కేసులు వస్తాయి. పులస కొవ్వున్న చేప. ఆ పులుసులో పులుపుంది, కారముంది, పైన నూనె తేలుతుంది. పుస్తెలమ్మి పులస తిన్నవాళ్లు కూడా, నిన్న కొబ్బరి పచ్చడి పడలేదండీ అంటారు! పులసని తప్పు పట్టడానికి మనవాళ్లకి నోరు రాదు.

పచ్చడి అన్నాను కాబట్టి ఇంకో సంగతి. కొబ్బరి పచ్చడి తింటే మంటొచ్చిందంటారు. మంట పెట్టింది కొబ్బరా, పచ్చిమిరపకాయా, చింతపండా? ఎలా తెలుస్తుంది? దానికి ఇంట్లోనే చేసుకునే పరీక్ష ఒకటుంది. రెండు వారాలు కొబ్బరి పూర్తిగా ఆపండి. చట్నీలోనూ, కూరలోనూ, స్వీటులోనూ. ఏ రోజు ఏం తిన్నారో, ఎప్పుడు మంటొచ్చిందో ఒక కాగితం మీద రాసుకోండి. తరవాత ఒక రోజు మధ్యాహ్నం భోజనంలో ఒక చెంచా కొబ్బరి కోరు వేసుకోండి. కారం లేకుండా, పులుపు లేకుండా, ఒట్టి కొబ్బరి. ఏమీ కాలేదా? రెండు మూడు రోజులు అదే మోతాదు. తరవాత ఇంకొంచెం. ఎక్కడ మంట మొదలైందో అక్కడికి ఒక మెట్టు కింద ఆగండి. అది మీ మోతాదు. మీ వదినగారి మోతాదు వేరే ఉంటుంది.

ఇలా ఎందుకు చెబుతున్నానంటే, కొవ్వుకీ ఛాతీ మంటకీ ఉన్న సంబంధం మీద జరిగిన పరిశోధనలన్నీ ఒకే మాట చెప్పలేదు. కొన్నిటిలో తేడా బాగా కనబడింది. కొన్నిటిలో కొవ్వు కంటే మొత్తం తిండి ఎంత తిన్నారన్నదే ముఖ్యమనిపించింది. అందుకే డాక్టర్లు ఈ రోజుల్లో అందరికీ ఒకే నిషేధాల చిట్టా రాసివ్వడం తగ్గించారు. మీ ఒంటికి ఏది పడటం లేదో చూసుకుని దాన్ని తగ్గించమంటున్నారు.

కొవ్వున్న పండు ఇంకొకటి మన ఊళ్లోకి కొత్తగా వచ్చింది. అవకాడో. వెన్నపండు అని కూడా అంటున్నారు. మెక్సికో వైపు పుట్టిన చెట్టు. కడియం నర్సరీల్లో దొరకని మొక్క ఉండదు కదా, ఇప్పుడక్కడ అవకాడో మొక్కలు కూడా అమ్ముతున్నారు. పెద్ద పళ్ల దుకాణాల్లో పండు దొరుకుతోంది. అమెరికాలో ఉన్న పిల్లలు ఫోన్ చేసి, "అమ్మా, రోజూ అవకాడో తిను, గుండెకి మంచిది" అంటారు. నిజమే. దాన్లో కొవ్వు గుండెకి మేలు చేసే రకమే. 100 గ్రాముల గుజ్జులో 15 గ్రాముల దాకా ఉంటుంది. కొబ్బరిలో సగం కూడా లేదు. కానీ అన్నవాహిక చివరనున్న ఆ కండరానికి ఇది గుండెకి మంచి కొవ్వు, ఇది చెడ్డ కొవ్వు అనే తేడా తెలియదు. కొవ్వొచ్చిందంటే అది వదులవుతుంది.

ఇది బాగా గుర్తుపెట్టుకోండి. గుండెకి మంచిదైనంత మాత్రాన ఛాతీ మంటకి మంచిది కావాలని లేదు. అవకాడో తినాలనుకుంటే రెండు చెంచాల గుజ్జు, పొద్దున్న రొట్టె మీద రాసుకోండి. పాలు, పంచదార, ఐస్‌క్రీమ్ వేసి పెద్ద గ్లాసుడు మిల్క్‌షేక్ చేసి రాత్రి సినిమా చూస్తూ తాగితే మాత్రం, ఆ బాధకి అవకాడోని నిందించకండి.

మరి నిశ్చింతగా తినగలిగే పళ్లేవి? మన అదృష్టం, గోదావరి జిల్లాల్లో వాటికి కొదవలేదు. రావులపాలెం అరటి మార్కెట్టు మనకి కూతవేటు దూరం. చక్కెరకేళి గానీ, కర్పూరం గానీ, కొవ్వు లేనట్టే లెక్క. చాలామందికి పడుతుంది. బొప్పాయి, పుచ్చకాయ, తాటిముంజలు కూడా అంతే. షుగరున్నవాళ్లు మోతాదు చూసుకోవాలి. పుల్లటి పళ్లది వేరే దారి. కమలా, బత్తాయి, అనాసల్లో కొవ్వుండదు. కానీ ఇప్పటికే ఒరిసిపోయిన అన్నవాహిక మీద ఆ పులుపు పడితే చురుక్కుమంటుంది. పనస పండులోనూ కొవ్వు పెద్దగా లేదు. తొనల మీద తొనలు లాగించేస్తాం చూడండి, ఆ బరువుతోనే చిక్కు.

ఇప్పుడు తిండి పక్కన పెట్టి పడక గురించి చెప్పాలి. ఎందుకంటే ఒక్కోసారి కొబ్బరి మానడం కంటే మంచం ఎత్తడమే ఎక్కువ పనిచేస్తుంది. మంచం తలవైపు కోళ్ల కింద ఇటుకలో చెక్క దిమ్మలో పెట్టి ఆరు నుంచి ఎనిమిది అంగుళాలు ఎత్తండి. తలగడలు ఒకదాని మీద ఒకటి వేసుకుంటే చాలదా అంటారు. చాలదు. తలగడలతో మెడ లేస్తుంది, నడుం దగ్గర ఒళ్లు ముడుచుకుంటుంది, పొట్ట మీద ఒత్తిడి ఇంకా పెరుగుతుంది. మంచమే ఏటవాలుగా ఉండాలి. ఎడమవైపు తిరిగి పడుకుంటే ఇంకా మంచిది. లంగా బొందు, ప్యాంటు బెల్టు, మొలతాడు, ఏదైనా సరే, పొట్టని బిగించకూడదు. పొట్ట పెరిగినవాళ్లు నాలుగైదు కిలోలు తగ్గితే ఆ తేడా వాళ్లకే తెలుస్తుంది. ఇక చుట్ట, సిగరెట్టు. పొగాకు కూడా ఆ కండరాన్ని వదులు చేస్తుంది. పొగాకు పరిశోధన కేంద్రం 1947లోనే మన రాజమండ్రిలో వెలిసింది, మనకి పొగాకు కొత్త కాదు. పండించి అమ్ముకున్నది వేరు. రోజూ చుట్ట వెలిగిస్తూ, కొబ్బరి మానేశానండీ అయినా తగ్గలేదండీ అంటే నేనేం చెప్పను?

చాలామంది అడిగే ప్రశ్న ఇంకోటుంది. గ్యాస్ బిళ్ళ వేసుకుంటున్నాం కదా, ఇంక ఏం తిన్నా ఫరవాలేదా? ఆ బిళ్ళ ఆమ్లాన్ని తగ్గిస్తుంది. జారిన కడుపుని కిందికి దించదు. తలుపుని బిగించదు. పైకి వచ్చేది వస్తూనే ఉంటుంది, అందులో ఘాటు తగ్గుతుంది, అంతే. పైగా పాంటోప్రజోల్ లాంటి బిళ్ళలు పరగడుపున, టిఫినుకి అరగంట ముందు వేసుకుంటేనే సరిగ్గా పనిచేస్తాయి. తిన్నాక మంటొచ్చినప్పుడు వేసుకునేవి కావు అవి. మందుల షాపులో కొనుక్కుని ఏళ్ల తరబడి వాడకండి. ఎన్నాళ్లు వాడాలో డాక్టరుని అడగండి.

తలుపు బిగించడానికి ఆపరేషనుంది. కడుపు పైభాగాన్ని అన్నవాహిక చుట్టూ చుట్టి కుట్టేస్తారు. ఈ పద్ధతిని రుడాల్ఫ్ నిస్సెన్ అనే సర్జన్ 1956లో లోకానికి చెప్పాడు. 1948లో ఐన్‌స్టీన్ పొట్టలో ఉబ్బిన రక్తనాళానికి ఆపరేషను చేసింది కూడా ఆయనే. ఇప్పుడు దీన్ని చిన్న గాట్లతో, లాప్రోస్కోపీలో చేస్తున్నారు. అయితే ఆ అవసరం కొద్దిమందికే వస్తుంది.

చివరిగా, ఇది శ్రద్ధగా వినండి. ముద్ద మింగుతుంటే అడ్డుపడుతున్నా, విరేచనం తారులా నల్లగా అవుతున్నా, వాంతిలో రక్తం కనబడినా, కారణం లేకుండా బరువు తగ్గిపోతున్నా, అది కొబ్బరి మానితే పోయేది కాదు. వెంటనే డాక్టరుని కలవండి. రెండోది. ఛాతీ మధ్యలో బరువుగా నొప్పి వచ్చి, చెమటలు పట్టి, ఎడమ చేతిలోకో దవడలోకో లాగుతుంటే, గ్యాసేలే అని జీలకర్ర నీళ్లు తాగి కూచోకండి. హెర్నియా ఉందని రిపోర్టులో ఉన్నా సరే. అది గుండెపోటు కావచ్చు. 108కి ఫోన్ చెయ్యండి. ఇసిజి తీయించుకున్నాక గ్యాసని తేలితే మంచిదే, ఇంటికొచ్చి బొండం తాగుదురు గాని.